ఆ చెరువు ఎవరు తవ్వారు?

తిరుమలలో, వెంకటేశ్వరస్వామికి పూలతోట వేసిన భక్తుడు అనంతాళ్వారు స్మారకమైన బృందావనం ముందు నిలబడి మా పెద్దమ్మాయి నమస్కారం పెట్టనన్నది. "కడుపుతో ఉన్న భార్యచేత మట్టి మోయించాడు, సాయానికి వచ్చిన పిల్లవాణ్ణి గునపంతో కొట్టాడు, ఆయనకు నేనెందుకు దండం పెట్టాలమ్మా?" అని అడిగింది. ఆ గొంతులో పొగరు లేదు, నన్ను ఎదిరించాలన్న ఉద్దేశమూ లేదు. సమాధానం కావాలనే అడిగింది. నా నోట వచ్చింది మాత్రం "ముందు పెట్టు, తరవాత మాట్లాడుకుందాం" అన్న మాట. పన్నెండేళ్ళ పిల్ల చేతులు వెనక్కి కట్టుకుని అలాగే నిలబడింది. తోట చూపించడానికి మమ్మల్ని తీసుకువెళ్ళిన మా మేనమామ పక్కనే ఉండడం వల్ల నేను అంతకుమించి ఏమీ అనలేకపోయాను.

ఆ నడక నేను పట్టుబట్టి ఏర్పాటు చేసుకున్నది. దానికి కారణం లండన్‌లోని మరో తోట. చెల్సీలో థేమ్స్ నది దగ్గర, మందులు తయారుచేసే అపోథెకరీల సంఘం తమ శిష్యులకు మొక్కలను గుర్తుపట్టడం నేర్పాలని 1673లో వేసిన ఔషధవనం అది. అక్కడ స్వచ్ఛందంగా పనిచేసే గైడు ఒకావిడ మమ్మల్ని వెంటబెట్టుకుని తిప్పుతూ, ఆకులు నలిపి వాసన చూడమని, ఏ ఆకు ఏ రోగానికి వాడేవారో చెబుతూ వచ్చింది. బిళ్ళగన్నేరు దగ్గర ఆగి, రక్తక్యాన్సర్‌కు ఇచ్చే విన్‌క్రిస్టీన్ మందు ఈ మొక్కనుంచే దొరికిందని ఆవిడ ఎంతో గౌరవంగా చెబుతూంటే, "ఇది అమ్మమ్మ వాళ్ళ ప్రహరీగోడ పగుళ్ళలో మొలిచే మొక్కే కదా" అని మా అమ్మాయి నా చెవిలో అన్నది. తిరుపతిలో కూడా ఎవరైనా ఇలా ఒక తోటను నడిపించి చూపిస్తే బాగుండునని ఆ నిమిషంలోనే అనుకున్నాను.

ఆ వనం నడుమ సర్ హాన్స్ స్లోన్ అనే వైద్యుడి విగ్రహం ఉంది. ఏడాదికి 5 పౌండ్లు చెల్లిస్తే చాలునని 1722లో ఆ స్థలాన్ని శాశ్వతంగా కౌలుకిచ్చినవాడు ఆయన. ఆ ఉదారత్వం గురించి చెప్పిన నోటితోనే గైడు, ఆయన సంపదలో కొంత భాగం భార్య వైపునుంచి వచ్చిన జమైకా చెరకుతోటలదని, అక్కడ బానిసలు చేసిన చాకిరీలోంచి పుట్టిందని కూడా చెప్పింది. "అయితే ఈ తోట నిజంగా ఎవరి కష్టం?" అని మా అమ్మాయి అడిగింది. గైడు మెచ్చుకున్నది. నేను లోలోపల పొంగిపోయాను. పెద్ద పేరు చూసి తలవంచకుండా, ఆ పేరు కింద ఎవరు చెమటోడ్చారో చూసే పిల్లను పెంచుతున్నానని ఆ రోజంతా సంతోషపడ్డాను. అక్కడ నన్ను అంత మురిపించిన ప్రశ్నే కొండమీద మా తోటలో నాకు ముల్లులా ఎందుకు గుచ్చుకున్నదో, అప్పటినుంచి ఆలోచిస్తూనే ఉన్నాను.

మావయ్య తిరుపతిలోనే పుట్టి, అక్కడే బడిపంతులుగా పనిచేసి విరమించారు. కొండకు బయలుదేరే ముందు మా అమ్మ మనవరాలి జడలో మల్లెపూలు ముడిచి, అలిపిరి రాకముందే తీసి ఇంటికి పంపాలని చెబితే, పెట్టడమెందుకు తీయడమెందుకు అని పిల్ల విసుక్కున్నది. తోట దగ్గరికి రాగానే మావయ్య మొదట చెప్పింది ఆ సంగతే. కొండమీద పూసిన ప్రతి పువ్వూ స్వామిదేనని, అందుకే అక్కడ ఎవరూ తలలో పూలు పెట్టుకోరని చెప్పారు. ఆమె వంగి ఒక పువ్వును వాసన చూడబోతే చెయ్యి అడ్డుపెట్టి, "ఆయనకు పోయే పువ్వు వాసన మనం ముందుగా చూడకూడదు పాపా" అన్నారు. ఆకు నలిపి చూడమన్న తోటనుంచి వచ్చిన పిల్లకు ఇది వింతగా తోచింది. కానీ ఆ నియమాన్ని ఆమె ఆట నియమంలా వెంటనే ఒప్పుకుని, మా చిన్నవాడు ఎక్కడ వంగుతాడోనని కాపలా కాయసాగింది. స్వామికి తొడిగే మాలల గురించి మావయ్య చెప్పినప్పుడు కూడా శ్రద్ధగా విన్నది. కిరీటం మీదినుంచి రెండు భుజాల మీదుగా దిగే శిఖామణి అనే మాల ఒక్కటే ఎనిమిది మూరలుంటుందని వినగానే తన చేతితో మూరలు కొలిచి, అది తనకంటే ఎంత పొడవో లెక్కగట్టుకున్నది.

ఆ తరవాతనే అసలు కథ వచ్చింది. కొండమీద చలికీ అడవిమృగాలకూ అందరూ జంకే రోజుల్లో, స్వామికి పుష్పకైంకర్యం చేయడానికి ఎవరు వెళతారని రామానుజులు శిష్యులను అడిగితే, అనంతాళ్వారు ఒక్కరే ముందుకు వచ్చారు. భార్యతో కలిసి కొండకు చేరి, ఆలయానికి వెనకవైపు తోట వేసి, దానికి నీటికోసం చెరువు తవ్వడం మొదలుపెట్టారు. ఆయన తవ్వుతూంటే నిండుచూలాలైన ఆమె మట్టిగంప ఎత్తుకుని దూరంగా పోసి వచ్చేది. ఒక కుర్రవాడు వచ్చి తానూ మోస్తానంటే, ఈ సేవలో మరొకరికి భాగం లేదని అనంతాళ్వారు పంపివేశారు. ఆ పిల్లవాడు ఆయన కంటపడకుండా అవతలివైపు నిలబడి ఆమె చేతిలోని గంప అందుకోసాగాడు. పోయిన మనిషి ఇంత త్వరగా ఎలా తిరిగి వస్తున్నదని సందేహపడి చూసిన అనంతాళ్వారు కోపంతో గునపం విసిరారు. అది కుర్రవాడి గడ్డానికి తగిలింది. తరవాత గర్భగుడిలో స్వామి గడ్డం నుంచి రక్తం కారుతూ కనిపించింది.

ఈ కథ నేను ఊహ తెలిసిననాటినుంచి విన్నదే. వినేటప్పుడల్లా నా కళ్ళు స్వామి గడ్డం మీదనే ఉండేవి. ఆయన ఎంత దయగలవాడో, భక్తుడి కోసం గంప మోయడానికి దిగివచ్చాడే అని మనసు కరిగేది. గంప మోసిన ఆమె వైపు నా చూపు ఒక్కసారీ పోలేదు. మా అమ్మాయి చూపు తిన్నగా ఆమె మీదనే పడింది. నేను కూడా ఇద్దరు పిల్లలను మోసినదాన్నే, అయినా నాకు ఆమె నడుము నొప్పి తట్టలేదు.

మావయ్య కాసేపు ఆగి పిల్లకు జవాబు చెప్పారు. "నువ్వు అడిగిన దాన్ని ఈ కొండ దాచిపెట్టలేదు పాపా. ఆ గునపాన్ని మహాద్వారానికి కుడిపక్కన గోడకు వేలాడదీశారు, దర్శనానికి పోయేటప్పుడు తలెత్తి చూడు. ఆ గాయానికి పెట్టినట్టుగానే ఇప్పటికీ స్వామి గడ్డానికి పచ్చకర్పూరం పెడతారు. ఆ దెబ్బ తప్పు కాదని ఎవరన్నారు?" అన్నారు. ఆమె కొంచెం ఆలోచించి, "స్వామికైతే కర్పూరం పెట్టారు. మరి ఆమెకు?" అన్నది. నేను ఉలిక్కిపడ్డాను. మావయ్య మాత్రం నొచ్చుకోలేదు. "అది నాకు ఇన్నేళ్ళలో తోచలేదు తల్లీ. ఆ చెరువు మట్టి మోసింది ఆమే గనుక, నీకు మొక్కాలనిపిస్తే చెరువుకు మొక్కుకో" అన్నారు. పిల్ల వెళ్ళి మొక్కింది. పిమ్మట బృందావనం పక్కన మావయ్య కళ్ళు మూసుకుని నిలబడితే, తాను చేతులు జోడించకపోయినా ఆయన తెరిచేవరకూ కదలకుండా ఉన్నది.

అదే తోటలో జరిగినట్టు చెప్పే రెండో కథ ఆమెకు ఎంత నచ్చిందో చెప్పలేను. రాత్రివేళ పూలు కోసుకుపోతున్న జంటను అనంతాళ్వారు పట్టుకోబోతే అతడు తప్పించుకుని ఆలయం చుట్టూ అప్రదక్షిణంగా పరుగెత్తాడు. ఆమె దొరికిపోతే అనంతాళ్వారు చెట్టుకు కట్టేశారు. ఆ జంట స్వామీ అమ్మవారూనని తెల్లవారి తెలిశాక అనంతాళ్వారు అమ్మవారిని పూలబుట్టలో కూర్చోబెట్టి, కూతురిని అత్తవారింట దించినట్టు స్వామి దగ్గరికి తీసుకువెళ్ళారు. బ్రహ్మోత్సవాలు ముగిసిన మర్నాడు స్వామి నేటికీ అప్రదక్షిణంగా ఈ తోటకు వేంచేస్తారని, దాన్ని బాగ్‌సవారి అంటారని మావయ్య చెబితే, దేవుడు ఏటేటా తన దొంగతనాన్ని ఊరందరి ముందూ ఒప్పుకుంటున్నాడా అని పిల్లలిద్దరూ పగలబడి నవ్వారు. మావయ్య కూడా నవ్వారు. నవ్వలేకపోయినదాన్ని నేనొక్కదాన్నే. నా చేతిలోనిదేదో జారిపోతున్నట్టు నాకు భయమేసింది.

ఆ భయం గురించి పరదేశంలో పిల్లలను పెంచుతున్న తల్లిదండ్రులకు చెప్పాలనిపిస్తుంది. పిల్లలకు తెలుగును, ఊరిని, దేవుణ్ణి నేనే అందించాలన్న పట్టుదల నాకు మొదటినుంచీ ఉంది. వారాంతపు తెలుగు బడిలో ఉచ్చారణ సరిగా రాదని నేనే ఇంట్లో కూర్చోబెట్టి నేర్పాను. అమ్మ ఫోనులో కథ చెబుతూ ఒక సంగతి వదిలేస్తే మధ్యలో కలుగజేసుకుని సరిదిద్దేదాన్ని. ఈ సేవలో మరొకరికి భాగం లేదన్న అనంతాళ్వారు మాట మావయ్య నోట విన్నప్పుడు నాకు నా ఇల్లు గుర్తుకువచ్చింది. మా అమ్మాయి నేను వంటింట్లో ఉన్నప్పుడు తలుపు వేసుకుని అమ్మమ్మతో మాట్లాడుతుందని, నన్ను అడగని ప్రశ్నలు ఆమెను అడుగుతుందని నాకు ఎప్పుడో తెలుసు. గంప అవతలివైపున చేతులు మారుతూనే ఉన్నది.

కాబట్టి ఊరికి పిల్లలను తీసుకువెళ్ళేవారికి నేను ఇవ్వగల సలహా ఒకటుంది: దర్శనం వరుసలోకి నేరుగా తీసుకువెళ్ళకండి, ముందు ఒక తోటనో కోనేటినో చూపండి, చూపించే పని మీరు చేయకుండా ఆ ఊళ్ళోనే జీవితం గడిపిన పెద్దవారికి అప్పగించండి, వారు చెబుతూంటే మీరు వెనక నడవండి. ఇది రాస్తూ ఉండగానే నాకు సందేహం కలుగుతున్నది. మావయ్య అంత తేలికగా "చెరువుకు మొక్కుకో" అనగలిగారంటే, ఆయన మనవలు తిరుపతి వీధుల్లోనే పెరుగుతున్నారు గనుక అనగలిగారేమో. వాళ్ళు ఈ రోజు బృందావనానికి మొక్కకపోతే రేపు మొక్కుతారు. లేకున్నా ఆ కొండ వాళ్ళ కిటికీలోనే ఉంటుంది. మా పిల్లలకు ఆ తోట సెలవుల్లో ఒక పూట మాత్రమే. ఆ పూటలో ఏది వదిలేస్తే అది మళ్ళీ దొరకదేమోనని నేను పట్టు బిగిస్తాను. పట్టు బిగించినందువల్లనే వదిలేస్తారేమోనని మళ్ళీ భయపడతాను. ఈ రెండింటిలో ఏది నిజమో పిల్లలు పెద్దయ్యాకగానీ తెలియదు, అప్పటికి దిద్దుకునే వ్యవధి ఉండదు.

దర్శనానికి వెళ్ళినప్పుడు తోపులాటలో కూడా ఆమె మహాద్వారం దగ్గర తలెత్తి గునపాన్ని చూసింది. సన్నిధిలో నిలబడనిచ్చిన ఆ కొద్ది క్షణాల్లో స్వామి గడ్డం మీది తెల్లదనాన్ని కూడా పట్టుకున్నది. బయటికి వచ్చాక అదే మాట తమ్ముడికి చెబుతూ మెట్లు దిగింది.

లండన్‌కు వచ్చాక బడిలో చరిత్ర పాఠం కింద రెండు తోటలను పోల్చి రాసుకొమ్మంటే, ఆమె చెల్సీ వనాన్నీ అనంతాళ్వారు తోటనూ ఎంచుకున్నది. రాసింది నాకు చూపించింది. జమైకా చెరకుతోటలూ ఉన్నాయి, మట్టిగంపా ఉంది. రామానుజులు లేరు, చలికి వెరవకుండా ముందుకు వచ్చిన శిష్యుడూ లేడు. బానిసల చాకిరీని, ఇష్టపడి చేసిన సేవను ఒకే గాటన కట్టకూడదని నేను వాదించాను. "తవ్వినాయన ఇష్టపడ్డాడు, మోసినామె ఇష్టపడిందో లేదో కథలో ఎక్కడుంది?" అని ఆమె అడిగింది. చాలాసేపు మాట్లాడుకున్న మీదట, రామానుజుల ప్రశ్నకు ఒక్కరే లేచి నిలబడ్డ సంగతిని ఆమె రెండు వాక్యాల్లో చేర్చింది. ఆమె అడిగినదానికి నేను ఇంకా జవాబు వెతుకుతున్నాను. ఈ ఆదివారం మావయ్యకు ఫోను చేసి అడగమని ఆమెకే చెప్పాను, ఆ సమయంలో నేను గదిలో ఉండనని కూడా చెప్పాను.