చేసిందా, చెప్పిందా

ఈరోజంతా ఒక్క పిటిషన్‌తోనే సరిపోయింది, అదీ పూర్తి కాలేదు.

పొద్దున్నే క్లయింటు వచ్చాడు. కొట్లాట కేసులో ముద్దాయి, బెయిలు మీద ఉన్నాడు. చేతిలో రూళ్ళ నోటుబుక్కు. జడ్జిగారు ఏ వాయిదాకి ఏమన్నారో తారీఖులతో సహా రాసుకొచ్చాడు. “ఈయన దగ్గర నాకు న్యాయం జరగదమ్మా, కేసు పక్క జిల్లాకి మార్పించండి” అన్నాడు. సీనియర్ గారు పుస్తకం చదివి పెన్సిలు నా చేతికిచ్చి, ప్రమాణం చేసి చెప్పగలిగినవి మాత్రం ఉంచమన్నారు.

‘నా వైపు చూడరు.’ కొట్టేశాను. ‘పీపీ గారితో (ప్రభుత్వం తరఫు లాయరు) నవ్వుతూ మాట్లాడారు.’ అదీ కొట్టేశాను. ‘సాక్షిని మళ్ళీ పిలిపించమంటే ఒప్పుకోలేదు.’ అది జడ్జి ఇచ్చిన ఆర్డరు. తప్పనిపిస్తే పైకోర్టుకి వెళ్ళాలి, దాన్ని పక్షపాతం అనలేం. గీత పడ్డప్పుడల్లా ఆయన మొహం చిన్నబోయింది. ఆ గీతలు నేను గీయడం నాకే బాగోలేదు.

“మరి జయలలిత కేసు మార్చలేదా?” అన్నాడు. మార్చారు, 2003లో, చెన్నై నుంచి బెంగళూరుకి. అయితే అక్కడ అడిగింది ముద్దాయి కాదు, ప్రత్యర్థి పార్టీ నాయకుడు అన్బళగన్. ఆవిడే ముఖ్యమంత్రి. సాక్షుల్ని మళ్ళీ పిలిస్తే చాలామంది మాట మార్చారు, ప్రాసిక్యూటర్ పట్టించుకోలేదు. సీనియర్ గారు 1979 నాటి మేనకా గాంధీ తీర్పు తీశారు. బొంబాయి కోర్టులో తన మీదున్న పరువునష్టం కేసు మార్చమని ఆవిడ సుప్రీంకోర్టుకి వెళ్తే, జస్టిస్ కృష్ణయ్యర్ ఒప్పుకోలేదు. అతిగా నొచ్చుకోవడం, రావడానికి ఇబ్బంది లాంటివి చాలవన్నారు.

పక్క జిల్లా అంటే హైకోర్టుకే వెళ్ళాలి. ఇక్కడే ఇంకో మేజిస్ట్రేటు దగ్గరికైతే సెషన్స్ జడ్జిగారు మార్చగలరు, ముందు అదే అడుగుదామన్నారు సీనియర్ గారు. కొత్త క్రిమినల్ ప్రొసీజర్ చట్టంలో అది సెక్షన్ 448. ఆయన నోట మాత్రం ఇంకా పాత చట్టంలోని 408 అనే వస్తుంది, టైపు చేసేటప్పుడు నేనే సరిచేస్తాను.

చివరికి ఒక్కటి మిగిలింది. పోయిన నెల వాయిదా అడిగినప్పుడు జడ్జిగారు విసుగ్గా “చేసింది మీరేగా!” అన్నారట. సాక్ష్యం పూర్తి కాకుండానే నేరం చేశావని తేల్చేసినట్టే కదా అంటాడు.

ఆరోజు నేనూ కోర్టులోనే ఉన్నాను, మూడో బెంచీలో. నాకు వినబడింది “చెప్పింది మీరేగా!” అని. ఆ తారీఖు కావాలని అడిగింది మా వైపే మరి. కానీ ఫ్యాను చప్పుడు, తలుపు దగ్గర జనం. తారీఖు సంగతి తెలుసు కాబట్టి నాకు అలా వినబడిందేమో. కేసు తనది కాబట్టి ఆయనకి అలా వినబడిందేమో. డాకెట్‌లో, అంటే కోర్టు రాసుకునే రోజువారీ నమోదులో, ‘వాయిదా’ అని తప్ప ఇంకేం లేదు.

సీనియర్ గారితో చాటుగా చెప్పాను. కాసేపు ఏమీ అనలేదు. “అఫిడవిట్ అతనిది, అతను విన్నదే అతను చెప్తాడు. నువ్వు విన్నది కూడా అతనికి చెప్పు” అన్నారు.

చెప్పాను. కోపం వస్తుందనుకున్నాను, రాలేదు. “మీకు అలా వినబడిందా?” అని రెండుసార్లు అడిగాడు. అబద్ధమని తేలితే ఏమవుతుందో, ఆ ఆరోపణ మీద జడ్జిగారి నుంచి రిమార్కులు, అంటే వివరణ, ఎలా తెప్పిస్తారో చెప్పాను. పిటిషన్ వేసినంత మాత్రాన విచారణ ఆగదనీ చెప్పాను.

“కొట్టేస్తే మళ్ళీ ఈయన ముందుకేనా?”

“అవునండీ.”

“నేనేం రాశానో ఆయన చదివే ఉంటారు.”

“చదివే ఉంటారు.”

నోటుబుక్కు మూసి, రేపు చెప్తానని వెళ్ళిపోయాడు. టైపు చేసిన కాగితాలు సంతకం లేకుండా పేపర్‌వెయిట్ కింద ఉన్నాయి. పెన్సిలు గీతలున్న ఆ పుస్తకం జిరాక్స్ తీయించాల్సింది, మర్చిపోయాను. వాయిదా 16న.