ముందు పార పట్టు

“చేతులూపుకుంటూ నిలబడ్డానికి ఇదేమన్నా పెళ్లా?” అని రువాండా రాజధాని కిగాలీలో ఓ పెద్దాయన నలుగురి ముందూ అనేశాడు. డాక్యుమెంటరీ తియ్యడానికెళ్లిన నా చేతిలో కెమెరా ఉంది మహాప్రభో! ఆయన లెక్కలో అది ఖాళీ చెయ్యే.

ఆ రోజు నెలాఖరు శనివారం. రువాండాలో ఆ పూట ఉముగాండా, అంటే ఊరంతా కలిసి చేసే శ్రమదానం. పొద్దున్న 8 నుంచి 11 దాకా బళ్లు ఆగిపోతాయి, కొట్లు మూసేస్తారు, వీధి వీధంతా పారలు పట్టుకుని కాలవల్లోకి దిగుతుంది. 18 నుంచి 65 ఏళ్ల మధ్యవాళ్లు రావాల్సిందే. ఎగ్గొడితే 5,000 ఫ్రాంకుల దాకా జరిమానా.

విశాఖ మనిషికి ఇక్కడే రోషం వస్తుంది. 2014 అక్టోబరు 12న హుద్‌హుద్ తుపాను ఊరిని ఊడ్చేశాక పడ్డ చెట్లు నరికి దారి చేసిన జనాన్ని ఏ జరిమానా బయటికి లాగింది? అలాగని ఆ ఊపు నిలబడిందా? కరెంటు వచ్చింది, ఎవరి గేటు వాళ్లు వేసుకున్నాం. వీళ్లు నెలనెలా వస్తున్నారు. మెచ్చుకోవాలో బలవంతం అనాలో ఇప్పటికీ తేలడం లేదు.

కెమెరా సంగతి మాత్రం తేలింది. మన ఫిషింగ్ హార్బర్లో ట్రైపాడ్ వేస్తే “ఏ చానలండీ?” అంటూ పదిమంది ఫ్రేములోకొచ్చేస్తారు. ఇక్కడ దూరం నుంచి పొడుగు లెన్సు ఎక్కుపెడితే మాటలే ఆగిపోతాయి. సిగ్గు కాదు. 1994 మారణకాండలో దారి కాచి, గుర్తింపు కార్డులో ఏ తెగో, హుటూనో టుట్సీనో చూసి చంపారు. పేర్ల జాబితాలూ తిరిగాయి. మొహాలు చూసి పేర్లు రాసుకునే పరాయివాణ్ణి చూస్తే ఆ వయసువాళ్లకి ఏం గుర్తొస్తుంది? ఇప్పటి కార్డుల్లో ఆ వివరమే లేదు, ఆ ప్రశ్న అడగనూ కూడదు. ఇంటిపేరు అడిగి ఆరాలు తీసే మన అలవాటుని విశాఖ ఎయిర్‌పోర్టులోనే వదిలి రావాలి.

అందుకని మొదటి అరగంట కెమెరా సంచిలోనే ఉండాలి. షూటింగుకెళ్లిన ఇద్దరూ మట్టి తియ్యండి. తర్వాత ఒకరు పనిలో, ఒకరు షూటింగులో. 35 ఎంఎం లెన్సు, ఐదారడుగుల దూరం చాలు. ముందే సంతకాల ఫారం చాపొద్దు. తీసింది చూపించి, అక్కడి భాష కిన్యార్వాండాలో వాళ్ల నోటితోనే సరేననిపించి రికార్డు చేసుకోండి. చానలుకి కాగితం కావాలంటే అది ఆఖర్న.

భూమధ్యరేఖకి 2 డిగ్రీల దిగువన ఉన్న ఊరు కాబట్టి ఏడాది పొడవునా ఇంచుమించు ఆరింటికి తెల్లారి ఆరింటికి చీకటి పడుతుంది. పది దాటితే ఎండ నెత్తి మీదే, కళ్లు నీడలో గుంటలైపోతాయి. కరెంటు మనలాగే 230 వోల్టులు, 50 హెర్ట్జ్. 25 ఫ్రేములు, 1/50 షట్టరు పెడితే లైట్లు మినుకుమనవు. మన మూడు పిన్నుల ప్లగ్గు మాత్రం దూరదు. మార్చి నుంచి మే దాకా వానలు, రేకుల కింద ఇంటర్వ్యూ పెట్టుకున్నారా, సౌండు పోయినట్టే. ఏప్రిల్ 7 నుంచి సంతాప వారం, ఆ రోజుల్లో మామూలు షూటింగు ఊసెత్తొద్దు.

అసలు సరుకు పని అయ్యాక జరిగే మీటింగులో ఉంది. కాలవ ఎవరి గట్టు కోసింది, ఆరోగ్య బీమా ఎవరు కట్టలేదు, అన్నీ అక్కడే. కాలర్ మైకు పెద్దమనిషికొక్కడికే పెడితే వెనక వరసలోంచి అడ్డం తగిలే ఆడవాళ్ల గొంతు పోతుంది, బూమ్ (పొడుగు కర్రకి కట్టిన మైకు) అటు తిప్పండి. అనువాదం చేసేవాణ్ణి పక్కన కూర్చోబెట్టుకోవద్దు, ఆ గుసగుసంతా ట్రాకులో పడుతుంది.

చానల్ వాళ్లు ఈ కాలవ తగువు తీసేసి మారణకాండ స్మారకంలో పుర్రెలు పెట్టమంటారు. వాదించినా మొదటి కట్‌లో, అంటే తొలి ఎడిటింగులో నెగ్గలేరు. తీసేసిన ఆ ఇరవై నిమిషాలకీ సబ్‌టైటిల్స్ వేసి పక్కన ఉంచుకోండి. రెండో కట్‌లో నిడివి చాలక వాళ్లే అడుగుతారు.