రోమా 5:4, ఒక సంపు నీళ్లు

ఈస్టరు ముందు వచ్చే శ్రమదినాల్లో మా సంఘంలో బుధవారం కూడికలకి వంతులవారీగా ఒక్కొక్కరు ఒక్కో వాక్యభాగం చెప్పాలి. ఈసారి నాకు బైబిల్లో పౌలు రాసిన రోమా పత్రిక 5వ అధ్యాయం పడింది. "శ్రమ ఓర్పును, ఓర్పు పరీక్షను, పరీక్ష నిరీక్షణను కలుగజేయునని యెరిగి శ్రమలయందును అతిశయపడుదము." సండేస్కూల్లో బంగారు వాక్యంగా అప్పజెప్పి పెన్సిల్ బాక్సు గెల్చుకున్న వాక్యమే. కానీ నిజం చెప్పాలంటే మధ్యలో ఆ "పరీక్ష" నాకెప్పుడూ అతకలేదు. శ్రమ వల్ల ఓర్పు వస్తుంది, సరే. ఓర్పు వల్ల పరీక్ష రావడమేమిటి? పరీక్ష ముందు రావాలి, ఓర్చుకోవడం తర్వాత కదా? ఇంటర్ రాసిన ప్రతివాడికీ ఆ వరస తెలుసు.

అయ్యగారిని అడిగితే అక్కడ గ్రీకులో ఉన్న మాట "డొకిమే" అన్నారు. పరీక్షకి నిలబడి తేలిన గుణం అని దానర్థమట. నాణేన్నో బంగారాన్నో పరీక్షించి "ఇది చెల్లుతుంది" అని తేలిస్తే దాన్ని "డొకిమోస్" అనేవాళ్లు. ఫిలిప్పీ 2:22లో తిమోతి గురించి పౌలు వాడింది కూడా ఈ డొకిమేనే, అక్కడ మన బైబిల్లో "అతని యోగ్యత మీరెరుగుదురు" అని ఉంది. ఒకటే మాట, రోమాలో పరీక్ష అయింది, ఫిలిప్పీలో యోగ్యత అయింది. యోగ్యత అని పెట్టుకుని చదివితే వాక్యం చక్కగా కూర్చుంటుంది: ఓర్చుకోగా ఓర్చుకోగా మనిషికి ఒక నిఖార్సైన గుణం ఏర్పడుతుంది.

అనువాదకుల్ని తప్పుపట్టడానికి ఈ మాట చెప్పడం లేదు. 1805లో లండన్ మిషను వాళ్లు ఇద్దరు, జార్జి క్రాన్, అగస్టస్ డే గ్రాంజెస్, మన విశాఖపట్నంలోనే దిగి తెలుగు నేర్చుకుని, ఆనందరాయర్ అనే ఆయన సాయంతో సువార్తల్ని తెలుగు చేశారు. 1809లో ఒకాయన, 1810లో ఇంకొకాయన పోయారు. 1812లో మత్తయి, మార్కు, లూకా బెంగాల్లోని శ్రీరాంపూర్‌లో అచ్చయ్యేటప్పటికి చూసుకోడానికి ఇద్దరిలో ఒక్కరూ లేరు. అలాంటివాళ్లు మొదలుపెట్టిన పని మీద ఏసీ గదిలో కూర్చుని వంకలు పెట్టే మొహం నాకు లేదు.

పరీక్ష అంటే నాకు చప్పున గుర్తొచ్చేది నా ఉద్యోగం. రిటైరయ్యే దాకా గాజువాక వైపు ఒక రోలింగ్ మిల్లు ల్యాబ్‌లో చేశాను. ఇళ్ల స్లాబుల్లో వేసే టీఎంటీ రాడ్లు లాగి తెంపడం, వంచి చూడడం, రిపోర్టు రాయడం. యూటీఎం అనే లాగే మిషన్లో రాడ్డు ముక్కని రెండు కొసలా బిగించి లాగుతుంటే కాసేపు ఏమీ జరగనట్టే ఉంటుంది, తర్వాత సాగుతుంది, మధ్యలో నడుం సన్నబడుతుంది, ఆఖరికి తుపాకీ పేలినట్టు ఠప్పుమని తెగుతుంది. కొత్తగా చేరిన కుర్రాళ్లు ఆ చప్పుడుకి ఎగిరి పడతారు. అసలు విషయమేమిటంటే ఆ మిషను రాడ్డుకి బలం ఇవ్వదు. ఉన్న బలం ఎంతో చెప్తుంది. బలం అంతకుముందే, ఎర్రగా కాలిన రాడ్డు మీద నీళ్లు పడి పైపొర గట్టిపడి, లోపలి వేడి మళ్లీ పైకి వచ్చి ఆ పొరని పదును చేసినప్పుడే వచ్చేసింది. ఇంకో టెస్టు ఉంది, రీబెండ్ అంటాం. రాడ్డుని వంచి, మరుగుతున్న నీళ్లలో అరగంట ఉంచి, చల్లారాక వెనక్కి వంచాలి. కొన్ని రాడ్లు వంగేటప్పుడు బాగానే వంగుతాయి, వెనక్కి తిప్పేటప్పుడు పగులుతాయి. నాకెందుకో లాగి తెంపేదానికంటే ఇదే నిజమైన పరీక్ష అనిపించేది. దీని సంగతి మళ్లీ చెప్తాను.

ముందు హుద్‌హుద్ తుపాను సంగతి చెప్పాలి.

2014 అక్టోబరు 12, ఆదివారం. ఆరాధన లేదని శనివారమే కబురు పెట్టారు. తుపాను హెచ్చరికలు విని శనివారం సాయంత్రం నేను మోటారు వేసి సంపు మూతి దాకా నింపాను. ముందుచూపు మంచిదే కదా, సామెతల గ్రంథంలో చీమని చూసి నేర్చుకోమనే ఉంది. ఆదివారం పగలంతా ఇంటిల్లిపాదీ లోపలి గదిలో కూర్చున్నాం. మధ్యాహ్నం గాలి కాసేపు ఆగినట్టే ఆగి, మళ్లీ రెండో పక్క నుంచి కొట్టింది. సోమవారం పొద్దున్న తలుపు తీస్తే వీధి మనది కాదు. చెట్లన్నీ రోడ్డు మీద, ఉన్న ఒకటీ అరా చెట్లకి ఒక్క ఆకు లేదు, కరెంటు స్తంభాలు వరసగా పడుకున్నాయి. కరెంటు లేదంటే మోటార్లు లేవు, మోటార్లు లేవంటే నీళ్లు లేవు. పాలప్యాకెట్టుకీ నీళ్ల క్యానుకీ ఎవరికి తోచిన రేటు వాళ్లు చెప్తున్నారు. వాళ్లని నేను మా గేటు దగ్గర నిలబడి గట్టిగానే తిట్టాను కూడా, ఆపదలో జనాన్ని దోచుకుంటారా అని.

మంగళవారం పక్కింటావిడ ప్రహరీ అవతల నుంచి పిలిచింది. "అన్నయ్య గారూ, రెండు బిందిలు నీల్లు ఇప్పించగలరేటండి, ట్యాంకరు రాలేదు."

"అయ్యో, అడుగంటిపోయిందమ్మా, మాకే చాలట్లేదు" అన్నాను.

సంపులో సగం పైన నీళ్లున్నాయి.

ఈ ముక్క ఇక్కడ రాయడానికి పదేళ్లు దాటింది. సిగ్గు ఒక కారణం. రెండోది, ఆ అబద్ధం వచ్చిన వేగం నన్ను భయపెట్టింది. ఇవ్వాలా వద్దా, ఇస్తే మనకి ఎన్నాళ్లొస్తాయి అని లెక్క వేసుకుని చెప్పి ఉంటే అదొక తప్పు నిర్ణయం అనుకుందును. నేనేమీ ఆలోచించలేదు. ఆవిడ మాట పూర్తయ్యేలోపే నా నోట్లో సిద్ధంగా ఉంది. అప్పటికి నేను సంఘపెద్దని. అంతకుముందు నెలలోనే ఒకరింట్లో కూడికకి 1 కొరింథీ 13, అదే ప్రేమ అధ్యాయం, చెప్పి, "బాగా చెప్పారండీ" అనిపించుకుని వచ్చాను.

అదే సాయంత్రం మా పై వాటాలో అద్దెకుండే ఆటో డ్రైవరు భార్య సంపు దగ్గరికి వచ్చింది. వాళ్లకి పూటకి రెండు బిందెలని నేనే వంతు పెట్టాను. తాడు కట్టిన బకెట్టుతో తోడుకుని ఒక బిందె మెట్ల దగ్గర పెట్టి, రెండోది చంకనెత్తుకుని గేటు వైపు నడిచింది. ఎక్కడికమ్మా అన్నాను. "పక్కింటికండి, చంటిపిల్ల ఉంది కదా" అంది, నడుస్తూనే. బిందె మూతి మీద నుంచి నీళ్లు తొణికి చీర తడుస్తోంది, చూసుకోలేదు. ఆ అమ్మాయి మార్గశిర మాసం వస్తే గురువారాలు బురుజుపేట కనకమహాలక్ష్మి గుడికి తెల్లారకముందే వెళ్లి లైన్లో నిలబడుతుంది. నా బోధలు ఒక్కటీ వినలేదు.

ఆ సంగతి నన్ను ఇంకా గిల్లుతూనే ఉంది కాబట్టి దీన్ని దాటేయను. ధర్మశాస్త్రం లేని జనం స్వాభావికంగా దాని క్రియలు చేస్తే ఆ సారం వాళ్ల హృదయాల్లో రాసి ఉన్నట్టు చూపిస్తారని పౌలు ఇదే రోమా పత్రిక 2వ అధ్యాయంలో రాశాడు. ఆ మాట మన ప్రసంగాల్లో పెద్దగా వినిపించదు. వినిపిస్తే మనకి కొంచెం ఇబ్బంది మరి.

ఇద్దరం ఆలోచించలేదు, చూడండి. నేను ఆలోచించకుండా అబద్ధం చెప్పాను, ఆ అమ్మాయి ఆలోచించకుండా నీళ్లు మోసింది. సద్గుణం ఉన్నవాడు మంచిపని చప్పున, సులువుగా, ఇష్టంగా చేస్తాడని 13వ శతాబ్దంలో థామస్ అక్వినాస్ అనే క్రైస్తవ వేదాంతి చెప్పాడు. పళ్లు బిగబట్టి, నలుగురూ చూస్తున్నారని చేసేది కూడా మంచిపనే, కాదనను. కానీ గుణం ఇంకా ఒంటికి పట్టలేదన్నమాట. మత్తయి 25లో తీర్పు రోజున కుడివైపు ఉన్నవాళ్లని ప్రభువు మెచ్చుకుంటే వాళ్లు బిత్తరపోతారు. "నీవు దప్పిగొనియుండుట చూచి యెప్పుడు దాహమిచ్చితిమి?" వాళ్లది వినయం అనుకునేవాణ్ని ఇన్నాళ్లూ. వాళ్లకి నిజంగానే గుర్తులేదు. నేనైతే ఎవరికి ఏం ఇచ్చానో తేదీలతో సహా చెప్పగలను.

మరి ఆ గుణం ఎలా వస్తుంది? చేసిన పనే మళ్లీ మళ్లీ చేస్తే అలవాటై వస్తుందని అరిస్టాటిల్ అన్నాడు, నీతిపనులు చేస్తూ ఉంటేనే నీతిమంతులం అవుతామన్నాడు. 1517లో ప్రొటెస్టెంటు సంస్కర్త మార్టిన్ లూథరు దీన్ని అడ్డంగా కొట్టిపారేశాడు: దేవుడు మనల్ని నీతిమంతులుగా చేశాక నీతిపనులు చేస్తాం గానీ పనులు చేసి నీతిమంతులం కాము అని. మా బాప్టిస్టు సంఘంలో పెరిగిన నాకు లూథరు మాటే ఒంటికి పట్టిన మాట. అయినా నా ల్యాబు బుర్ర ఒప్పుకోదు, రోజూ చేసే చిన్నచిన్న పనులకి ఏమీ పాత్ర లేదా అని. నా మటుకు నాకు అర్థమైంది ఇది: ఆ మంగళవారం నేను అబద్ధం చెప్పడం ఆ రోజు మొదలవలేదు. "సార్ ఇంట్లో లేరని చెప్పు" అని ఫోన్లో పిల్లల చేత చెప్పించినప్పుడూ, చందా అడగడానికి వచ్చినవాళ్లకి చిల్లర లేదన్నప్పుడూ ఒక్కో పూత పడింది. "సద్గుణమును అమర్చుకొనుడి" అని 2 పేతురు 1:5లో ఉన్న మాటకి కూడా ముందు నాలుగో వచనంలో వాగ్దానాలు అనుగ్రహించాడని ఉంది. ముందు దేవుడిచ్చింది, ఆ వెనకే మన చేతిపని. రెంటిలో ఒకటి చాలు అనుకుంటే ఎటో ఒకటు పడతాం.

ఆ పత్రిక ఎవరి పేరుతో ఉందో చూడండి. పేతురు. యేసుని పట్టుకెళ్లిన రాత్రి ప్రధానయాజకుడి వాకిట్లో చలి కాచుకుంటుంటే ఒక పనిపిల్ల అడిగిన పాపానికి "నేనెరుగను" అని ఠకీమని అన్నవాడు. ఆలోచించి అని ఉండడు. కొన్ని గంటల ముందే నీతో చావడానికైనా సిద్ధం అన్నాడు, అప్పుడు కూడా అబద్ధమాడలేదు, తన గురించి తనకి తెలీదంతే. యోహాను సువార్తలో ఆ రాత్రి బొగ్గుల మంట ఉంది. మళ్లీ 21వ అధ్యాయంలో, తిబెరియ సముద్రం ఒడ్డున, ప్రభువు చేపలు కాలుస్తూ కూర్చున్నదీ బొగ్గుల నిప్పు దగ్గరే. గ్రీకులో రెండుచోట్లా ఒకటే మాట, కొత్త నిబంధనలో ఇంకెక్కడా లేదు. మూడుసార్లు ఎరుగనన్నవాణ్ని అదే వాసన మధ్య మూడుసార్లు అడిగాడు, నన్ను ప్రేమిస్తున్నావా అని. మూడోసారి పేతురు వ్యసనపడ్డాడని, అంటే బాధపడ్డాడని, రాసి ఉంది. పడడా మరి, వంగిన చోటే పట్టుకుని వెనక్కి తిప్పుతున్నాడు కదా. మా ల్యాబు భాషలో అది రీబెండు.

పోలిక ఇక్కడిదాకే పనికొస్తుంది. టెస్టు చేసిన రాడ్డు ముక్క ఎంత బాగా నిలిచినా మేం స్క్రాపులోనే పడేస్తాం. పేతురికి మాత్రం గొర్రెల్ని, అంటే విశ్వాసుల్ని, అప్పగించారు. ఇంకోటి, వంచిన ఇనుము వంచిన చోట గట్టిపడుతుంది, దాంతోపాటు పెళుసూ అవుతుంది. మనుషుల్లోనూ చూస్తాం. కష్టాలు పడ్డవాళ్లంతా మెత్తబడరు. "మేం పడలేదా" అని కోడళ్ల మీద తీర్చుకునే అత్తలు లేరా? కాబట్టి శ్రమ, ఓర్పు, యోగ్యత అనేది స్విచ్చి వేస్తే వెలిగే సీరియల్ బల్బుల దండ కాదు. ఐదో వచనం లేకుండా నాలుగోది చెప్పకూడదని ఈసారి నోట్సులో ఎర్ర ఇంకుతో రాసుకున్నాను. "దేవుని ప్రేమ మన హృదయములలో కుమ్మరింపబడియున్నది." కుమ్మరించడం. తాళం వేసిన సంపు పక్కన నిలబడి చదవాల్సిన మాట.

నోట్సు తయారైంది గానీ ఆ నీళ్ల విషయం పక్కింటావిడతో చెప్పకుండా మంచం మీద నిద్ర పట్టలేదు, బుధవారం నలుగురి ముందు నిలబడి చెప్పడం మాట తర్వాత. ఆవిడ ఇప్పటికీ పక్కింట్లోనే ఉంది, ఆనాటి చంటిపిల్ల హైస్కూల్లో ఉంది. మంగళవారం సాయంత్రం వెళ్లాను. అరుగు మీద కూర్చుని మునగాకు దూస్తోంది. హుద్‌హుద్ అప్పుడు మా సంపులో నీళ్లున్నాయమ్మా, లేవని చెప్పాను అన్నాను. ముందు ఎన్ని మాటలు కూర్చుకున్నానో, నోటికి వచ్చింది ఇంతే.

"తెలుసండి" అంది.

నాకు కాసేపు మాట రాలేదు. ఎలా తెలుసన్నాను.

"మీరు తోడతంటే బకెట్టు చప్పుడు మా వంటింట్లోకి ఇనిపించీది కదండి. తాడు ఇలా వదిలీసరికి నీల్లు తగిలీసేది. అడుగంటితే అంత బేగి తగలదు కదా."

అంటే ఇన్నేళ్లూ తెలుసు. ఇన్నేళ్లూ ప్రతి సంక్రాంతికీ స్టీలు డబ్బాలో అరిసెలు ప్రహరీ మీదుగా అందిస్తూనే ఉంది, క్రిస్మస్‌కి మేం కేకు ఇస్తే తీసుకుంటూనే ఉంది, మా ఆవిడ ఆపరేషనుకి హాస్పిటల్లో ఒక రాత్రి తోడు పడుకుంది. మరి తెలిసి కూడా అరిసెలు ఎందుకు పంపారమ్మా అని అడిగేశాను.

ఆవిడ నా వంక వింతగా చూసింది.

"సంక్రాంతికి అరిసిలు పంపరేటండి?" అని, మళ్లీ మునగాకు దూయడంలో పడిపోయింది.