మాడ్స్ ఫోల్డరు ఎక్కడికీ పోలేదు, అడ్రసు మారింది

పోయిన బుధవారం రాత్రి పదకొండున్నర దాటాక మా నాయనమ్మ నాకు జుట్టు లేకుండా కనిపించింది.

నాయనమ్మ పోయి తొమ్మిదేళ్ళయింది. నేను చెబుతున్నది సిమ్స్ 4 అనే, మనుషుల్ని చేసుకుని ఇళ్ళు కట్టుకునే కంప్యూటర్ ఆటలో నేను చేసుకున్న నాయనమ్మ గురించి. తెనాలి దగ్గర పల్లెలో మా పెంకుటింటిని ఆరేళ్ళ కిందట పడగొట్టారు. ఫొటోలు పెద్దగా లేవు. ఉన్నవన్నీ పెళ్ళిళ్ళప్పుడు తీసినవే, వాటిలో మనుషులే అడ్డం, ఇల్లు కనపడదు. అందుకని రెండేళ్ళుగా, ఆఫీసు నుంచి వచ్చి వంట పని కూడా అయ్యాక, గుర్తున్నంత వరకు ఆ ఇంటిని ఆటలో కట్టుకుంటూ వస్తున్నాను. వీధి అరుగులు, వసారా, మధ్య గది, వంటింట్లో రెండు పొయ్యిలు, పెరట్లో బావి, బావి పక్కన తులసి కోట.

ఆటతో వచ్చే సామాను మన ఇళ్ళకి సరిపోదు. 2021లో ముంబై వీధుల ఫ్యాషన్ తరహాలో ఒక చిన్న బట్టల కిట్ విడుదల చేశారు, బాగుంటుంది. కానీ పెరట్లోకి తులసి కోట కావాలన్నా, వంటింట్లోకి రుబ్బురోలు కావాలన్నా మాడ్స్, అంటే ఆటలో చేర్చుకునేందుకు బయటివాళ్ళు చేసిన ఫైళ్ళు, వెతుక్కోవాల్సిందే. ఎక్కడెక్కడి వాళ్ళో ఓపిగ్గా తయారు చేసి ఉచితంగా పెడతారు. అలా ఒక్కొక్కటే ఏరుకుంటే ఆరు వందల ఫైళ్ళ దాకా అయ్యాయి.

చీర మాత్రం నేనే చేశాను. నాయనమ్మ మంగళగిరి చీర ఒకటి నా బీరువాలో ఉంది. చిలకపచ్చ చీర, ఎర్ర అంచు, అంచు మీద సన్నటి జరీ గీత. దాన్ని డాబా మీద పరిచి, నాలుగు మూలలా ఇటుక ముక్కలు పెట్టి, స్టూలెక్కి ఫోన్‌తో ఫొటో తీశాను. మధ్యాహ్నం తీస్తే జరీ తెల్లగా మెరిసిపోయి గీత కనపడలేదు. మర్నాడు పొద్దున ఏడింటికి తీస్తే సరిగ్గా వచ్చింది. ఉతికి ఉతికి కుచ్చిళ్ళ దగ్గర పచ్చ రంగు వెలిసింది, దాన్ని సరిచేయలేదు. పైట చెంగు చివర నాయనమ్మ చేత్తో వేసుకున్న రఫూ ఉంటుంది, తెల్ల దారంతో, చిటికెన వేలి గోరంత. అదీ ఫొటోలో పడింది, అదీ ఉంచాను. ఆ ఫొటోని సిమ్స్ 4 స్టూడియో అనే ఉచిత సాఫ్ట్‌వేర్‌లో, ఎవరో చేసిన చీర ఆకారం మీద పరిచి ఒక ప్యాకేజ్ ఫైలుగా దాచుకున్నాను. మిగతా ఆరు వందల ఫైళ్ళు పోతే మళ్ళీ దించుకోవచ్చు. ఆ ఒక్కటి మాత్రం నా దగ్గర తప్ప ఇంకెక్కడా లేదు.

ఇక జరిగింది చెబుతాను. ల్యాప్‌టాప్‌లో డిస్క్ పాడైతే కొత్తది వేయించి, విండోస్ కొత్తగా ఎక్కించాం. ముందే అన్నీ బయటి హార్డ్ డిస్క్‌లోకి తీసి పెట్టుకున్నాను కాబట్టి టెన్షన్ లేదు. ఆదివారం మా అన్నయ్య కూతురు చిట్టి విజయవాడ నుంచి వచ్చింది. తొమ్మిదో తరగతి. ఆట మళ్ళీ ఇన్‌స్టాల్ చేసి, ఎడమ పక్క కనిపించే డాక్యుమెంట్స్ మీద నొక్కి, సేవ్స్ (ఆడిన ఆటలు), ట్రే (దాచుకున్న ఇళ్ళు, మనుషులు) ఫోల్డర్లు అందులో ఉన్న సిమ్స్ ఫోల్డర్లో పెట్టింది. మాడ్స్ ఫోల్డరు పెద్దది, బస్సు టైమైపోతోందని అది నాకు వదిలేసి వెళ్ళింది. మంగళవారం రాత్రి నేను నా డైరీలో ఎప్పుడో రాసుకున్న దారి చూసి పెట్టాను: సీ డ్రైవ్, యూజర్స్, నా పేరు, డాక్యుమెంట్స్, ఎలక్ట్రానిక్ ఆర్ట్స్, ది సిమ్స్ 4, మాడ్స్. దారిలో కొన్ని ఫోల్డర్లు లేకపోతే నేనే సృష్టించాను. అక్కడే ఆగి ఆలోచించాల్సింది, ఆలోచించలేదు. పైగా హార్డ్ డిస్క్‌లో చోటు మిగులుతుంది కదా అని కాపీ కాకుండా కట్ చేసి పేస్ట్ చేశాను.

బుధవారం రాత్రి ఆట తెరిస్తే ఇల్లు వచ్చింది, గోడలు వచ్చాయి, తులసి కోట ఉండాల్సిన చోట ఉత్త గడ్డి. నాయనమ్మ ముడి ఒక మాడ్, అది లేదు కాబట్టి తల బోడిగా ఉంది. చీర లేదు. ఆవిడ అలా వసారాలో నిలబడి ఉంటే నాకు చూడబుద్ధి కాలేదు. అరచేత్తో తెరని కప్పేశాను, నిజంగానే.

మీకు ఇలా జరిగితే ముందు చేయాల్సింది ఒక్కటే: సేవ్ చేయకుండా బయటికి రండి. వస్తువులు కనపడని ఆ స్థితిలో సేవ్ కొడితే, ఆ ఖాళీలే సేవ్‌లోకి ఎక్కుతాయి, తర్వాత మాడ్స్ దొరికినా ప్రతి వస్తువూ మళ్ళీ చేత్తో పెట్టుకోవాలి. పొరపాటున సేవ్ కొట్టినా గాభరా వద్దు. ఆట ప్రతి సేవ్‌కీ పాత ప్రతులు ఐదు దాచి ఉంచుతుంది, లోడ్ చేసే చోట రికవర్ అనే బటన్ నొక్కితే వెనక్కి వెళ్ళొచ్చు.

ఆట మూసి, ఎడమ పక్క డాక్యుమెంట్స్ నొక్కి, లోపలికి వెళ్ళి చూస్తే మాడ్స్ ఫోల్డర్లో ఒకే ఒక్క ఫైలు ఉంది. రిసోర్స్.సీఎఫ్‌జీ, మాడ్స్‌ని ఎంత లోతు వరకు చదవాలో ఆటకి చెప్పేది. ముందు రోజు రాత్రి నా చేతుల్తో పెట్టిన ఆరు వందల ఫైళ్ళూ మాయం. హార్డ్ డిస్క్ తగిలించి చూశాను, కట్ చేశాను కదా, అక్కడా లేవు. చీర పోయిందనుకున్నాను. బీరువా తెరిచి అసలు చీర ఉందో లేదో చూసుకుని వచ్చి కూర్చున్నాను.

మర్నాడు ఆఫీసులో అడిగితే ఒకతను ప్రోగ్రామ్ ఫైల్స్‌లో చూడమన్నాడు. చాలామంది ఈ మాటే చెబుతారు, కానీ అది ఆట ఇన్‌స్టాల్ అయ్యే చోటు. మన సేవ్‌లు, మాడ్స్ అక్కడ ఉండవు, అక్కడ మాడ్స్ అని కొత్త ఫోల్డరు పెట్టినా ఆట దాన్ని చదవదు. సిమ్స్ 4 మాడ్స్ ఫోల్డరుని డాక్యుమెంట్స్ లోపల తానే చేసుకుంటుంది, ఆటని ఒక్కసారి నడిపితే చాలు. సిమ్స్ 3 అలా కాదు. 2009 నాటి ఆ ఆటలో మాడ్స్ ఫోల్డరు దానంతట అది రాదు. మాడ్స్ అని ఒకటి, దాని లోపల ప్యాకేజెస్ అని ఒకటి మనమే చేసి, రిసోర్స్.సీఎఫ్‌జీ మనమే తెచ్చి పెట్టాలి. కాబట్టి మీది సిమ్స్ 3 అయితే ఫోల్డరు కనపడకపోవడం తప్పేమీ కాదు.

రాత్రి చిట్టికి ఫోన్ చేశాను.

"చిట్టీ, తాతమ్మ చీర పోయిందే."

"అత్తా, డాక్యుమెంట్స్‌లో వెతికావా, సీ డ్రైవ్ మొత్తం వెతికావా?"

డాక్యుమెంట్స్‌లోనే వెతికాను. సీ డ్రైవ్ తెరిచి పైన వెతికే గడిలో ఫైలు పేరు కొట్టమంది. పచ్చ గీత మెల్లగా పాకుతుంటే ఫోన్ స్పీకర్లో పెట్టి ఇద్దరం మాట్లాడకుండా కూర్చున్నాం. నాలుగు నిమిషాలకి వచ్చింది, నాయనమ్మ చీర. కుడి బటన్ నొక్కి ఫైలున్న ఫోల్డరు తెరిస్తే ఆరు వందలూ అక్కడే ఉన్నాయి, నేను పెట్టిన చోటే.

మా గుంటూరు వాళ్ళకి దీన్ని తేలిగ్గా చెప్పొచ్చు. బ్రాడీపేటలో అడ్రసు అంటే లైను, అడ్డరోడ్డు. 4/7 అంటే నాలుగో లైను, ఏడో అడ్డరోడ్డు. రైలు పట్టాలు దాటి అవతలికి వెళ్తే అరండల్‌పేట, అక్కడా ఇదే లెక్క. పేట పేరు చెప్పకుండా 4/7 అంటే కొరియర్ కుర్రాడు పట్టాలకి అటువైపు నిలబడి "మీరు చెప్పిన గేటు ఇక్కడ లేదు మేడమ్" అని ఫోన్ చేస్తాడు. మాకు ఇది నెలకోసారైనా జరుగుతుంది. నా ల్యాప్‌టాప్‌లోనూ డాక్యుమెంట్స్ అనే పేరుతో రెండు ఉన్నాయి. ఒకటి సీ డ్రైవ్‌లో నా పేరు కింద నేరుగా. ఇంకొకటి నా పేరు కింద వన్‌డ్రైవ్ అనే ఫోల్డర్లో, అంటే మైక్రోసాఫ్ట్ ఇంటర్నెట్‌లో కాపీ దాచే ఫోల్డర్లో. కొత్త విండోస్ మొదలుపెట్టేటప్పుడు ఫైళ్ళు బ్యాకప్ చేయమంటారా అని అడిగితే చదవకుండా సరే నొక్కాను. అలా నొక్కితే డాక్యుమెంట్స్ ఆ వన్‌డ్రైవ్ లోపలికి మారుతుంది. ఎడమ పక్క కనిపించేది అదే, ఆట వెళ్ళేదీ దాంట్లోకే. చిట్టి ఆ పేటలో పెట్టింది, నేను డైరీ చూసి ఈ పేటలో పెట్టాను.

మీది ఏదో తెలుసుకోవాలంటే డాక్యుమెంట్స్ మీద కుడి బటన్ నొక్కి ప్రాపర్టీస్‌లో లొకేషన్ చూడండి, పూర్తి దారి ఉంటుంది. నాకు దానితో నమ్మకం కుదరక ఇంకో పరీక్ష చేశాను. సిమ్స్ ఫోల్డర్లో లోకల్‌థంబ్‌క్యాష్ అనే ఫైలు ఉంటుంది. దాన్ని తీసేసినా నష్టం లేదు, ఆట మళ్ళీ చేసుకుంటుంది. మాడ్స్ మార్చినప్పుడల్లా తీసేయడం మంచిది కూడా. దాన్ని తీసేసి, ఆట ఒకసారి తెరిచి మూసి, రెండు చోట్లా చూశాను. వన్‌డ్రైవ్ వైపే మళ్ళీ పుట్టింది. అంటే ఆట కాపురం అక్కడే. ఇంతకంటే గట్టి సాక్ష్యం అక్కర్లేదు.

ఆరు వందల ఫైళ్ళూ అటు మార్చాను, ఈసారి కాపీ. అయినా నాయనమ్మకి జుట్టు రాలేదు. ఆట కొత్తగా ఎక్కించినప్పుడు మాడ్స్ ఆపేసి ఉంటాయి, ప్రతి అప్‌డేట్ తర్వాతా అదే ఆపేస్తుంది. గేమ్ ఆప్షన్స్‌లో అదర్ అనే చోట రెండు టిక్కులు పెట్టాలి, ఒకటి కస్టమ్ కంటెంట్‌కి (బట్టలు, సామాను లాంటివి), రెండోది స్క్రిప్ట్ మాడ్స్‌కి (ఆట నడిచే తీరు మార్చేవి). పెట్టాక ఆట మూసి మళ్ళీ తెరవాలి. తెరిచాక, చదివిన మాడ్స్ జాబితా ఆటే చూపిస్తుంది.

చీర వచ్చింది, ముడి వచ్చింది, తులసి కోట వచ్చింది. రాత్రి పూట వంటింట్లో దీపం దానంతట అది వెలిగేలా చేసే స్క్రిప్ట్ ఒకటి రాలేదు. దానికి కారణం నేను సర్దిన తీరు. సామానుని గదుల వారీగా పెట్టాను, మాడ్స్‌లో ఇల్లు, ఇంట్లో వంటిల్లు, వంటింట్లో దీపాలు. ప్యాకేజ్ ఫైళ్ళు ఐదు మెట్ల లోతు వరకు ఉన్నా ఆట చదువుతుంది. స్క్రిప్ట్ ఫైళ్ళని, అంటే టీఎస్4స్క్రిప్ట్ అని చివర ఉండేవాటిని, ఒక్క మెట్టు లోపల వరకే చూస్తుంది. దాన్ని పైకి తెచ్చి మాడ్స్‌లో పెట్టాను, దీపం వెలిగింది. జిప్ ఫైళ్ళని విప్పకుండా పడేసినా పనిచేయవు, నావి రెండు అలా ఉన్నాయి.

వన్‌డ్రైవ్‌లోనే ఉంచేసేవాళ్ళు రెండు విషయాలు చూసుకోండి. ఉచితంగా ఇచ్చేది 5 జీబీ, మాడ్స్ పెరిగితే అది నిండిపోతుంది. ఫైలు పక్కన మబ్బు గుర్తు ఉంటే అది మీ డిస్క్‌లో లేనట్టు. మాడ్స్ ఫోల్డరు మీద కుడి బటన్ నొక్కి, ఎప్పుడూ ఈ కంప్యూటర్‌లోనే ఉంచమనే ఆప్షన్ పెట్టండి. ఇక ఎప్పుడైనా బ్యాకప్ ఆపేస్తే డాక్యుమెంట్స్ అడ్రసు మళ్ళీ పాత చోటుకి మారుతుంది, అప్పుడు ఆట ఫోల్డరు కూడా అక్కడికి వచ్చిందో లేదో చూసుకుని, రాకపోతే మీరే మోసుకెళ్ళాలి. నేను ఇంకా ఆపలేదు. ఆపే ముందు అంతా రెండు చోట్ల కాపీ పెట్టుకుంటాను. చీర ఫైలుని ఇప్పటికే ఒక పెన్‌డ్రైవ్‌లో వేసి, బీరువాలో అసలు చీర మడతలో పెట్టాను. చిట్టికి ఒక కాపీ పంపాను.

శనివారం నాన్నని పిలిచి చూపించాను. ఆయనకి ఈ ఆట ఏమిటో ఇదివరకు తెలియదు, రాత్రుళ్ళు కూడా ఆఫీసు పనే చేస్తున్నాననుకునేవారు. కళ్ళజోడు పెట్టుకుని దగ్గరగా కూర్చున్నారు. నాయనమ్మ వసారాలోంచి పెరట్లోకి నడిచింది, పచ్చ చీరలో, ముడితో. నాన్న చాలాసేపు ఏమీ అనలేదు. తర్వాత తెర మీద వేలు పెట్టి, "బావి అటు కాదమ్మా," అన్నారు. "వంటింటి గుమ్మంలోంచి చూస్తే ఎడమ చేతి వైపు ఉండేది. తులసి కోట కుడి పక్క."

గోడ జరిపి, బావిని ఎడమ వైపుకి మార్చాను. ఇంకొంచెం అన్నారు. ఇంకొంచెం జరిపాను.