పేపర్-1 దారి మూసుకున్నాక బీఎడ్ వాడి ప్రిపరేషన్

టెట్ అంటే టీచర్ అర్హత పరీక్ష. అందులో పేపర్-1 ఒకటి నుంచి ఐదు తరగతులు చెప్పేవాళ్లకు, పేపర్-2 ఆపై తరగతులు చెప్పేవాళ్లకు. సుప్రీంకోర్టు తీర్పుతో చిన్న తరగతుల దారి బీఎడ్ వాళ్లకు మూసుకుపోయింది. అయినా బీఎడ్ చేసిన మిత్రులు ఇప్పటికీ అడుగుతుంటారు, "పేపర్-1 రాసి పెట్టుకుంటే ఎప్పటికైనా పనికొస్తుందా?" అని. ఎస్జీటీ (సెకండరీ గ్రేడ్ టీచర్, అంటే ఒకటి నుంచి ఐదు తరగతుల టీచర్) పోస్టు కోసమైతే ఆ టైమ్ పేపర్-2కి పెట్టుకోండి అనే చెబుతాను.

నాది బీఎడ్, మ్యాథ్స్ మెథడాలజీ. 2018 జూన్ 28న ఎన్‌సీటీఈ (టీచర్ల అర్హతలు నిర్ణయించే జాతీయ మండలి) ఇచ్చిన నోటిఫికేషన్‌తో బీఎడ్ వాళ్లకూ ఒకటి నుంచి ఐదు తరగతులు చెప్పే అర్హత వచ్చింది. ఉద్యోగంలో చేరిన రెండేళ్లలోపు ఆరు నెలల బ్రిడ్జి కోర్సు చేస్తే సరిపోతుందన్నారు. దాన్ని నమ్ముకునే 2022 తెలంగాణ టెట్‌లో చాలామందిమి రెండు పేపర్లూ రాశాం. పోస్టుల లెక్కే అలా ఉంటుంది మరి. 2024 తెలంగాణ డీఎస్సీనే (టీచర్ల నియామక పరీక్ష) తీసుకోండి, మొత్తం 11,062 పోస్టుల్లో ఎస్జీటీలు 6,508, పై తరగతులకు సబ్జెక్టు చెప్పే స్కూల్ అసిస్టెంట్లు (ఎస్‌ఏ) 2,629. ఆ 2,629లో మన సబ్జెక్టు, మన జిల్లా, మన మీడియం, మన రోస్టర్ (రిజర్వేషన్ వరుస) అని విడగొట్టుకుంటూ పోతే మిగిలేవి వేళ్ల మీద లెక్కపెట్టొచ్చు.

2023 టెట్‌కి దరఖాస్తులు నడుస్తున్నాయి. ఆగస్టు 11న సుప్రీంకోర్టు తీర్పు వచ్చింది. ఎన్‌సీటీఈ 2018 నోటిఫికేషన్‌ను రాజస్థాన్ హైకోర్టు 2021లోనే కొట్టేసింది, అదే సరైనదని సుప్రీంకోర్టు తేల్చింది. హనుమకొండలో మేం చదువుకునే రీడింగ్ రూమ్‌లో ఒక్కొక్కరే ఫోన్ పట్టుకుని బయటికి నడిచారు. నా పక్క సీటు తమ్ముడిది డీఎడ్, అంటే ప్రాథమిక తరగతుల టీచర్ల డిప్లొమా. కాసేపు ఆగి, "అన్నా, ఏమనుకోకు. నీకు ఎస్‌ఏ ఉంది, మాకు ఉన్నది ఇదొక్కటే" అన్నాడు. కాదనడానికి నా దగ్గర ఏం లేదు. చిన్నపిల్లలకు చెప్పే పద్ధతి డీఎడ్‌లోనే నేర్పుతారు, నాణ్యత లేని చదువు ఇచ్చి విద్యాహక్కు ఇచ్చామంటే కుదరదు అన్నది కోర్టు మాటల సారం. నాకు కోపం వచ్చింది తీర్పు మీద కాదు. అర్హత ఇచ్చి ఐదేళ్లు ఆశపెట్టిన వాళ్ల మీద.

ఆ తర్వాత కూడా మనవాళ్లలో ఆశ చావలేదు. 2024 ఫిబ్రవరిలో ఆంధ్రప్రదేశ్ డీఎస్సీలో ఎస్జీటీకి బీఎడ్ వాళ్లను అనుమతిస్తే అక్కడి హైకోర్టు అడ్డుకుంది. ఏప్రిల్‌లో సుప్రీంకోర్టు ఇచ్చిన వివరణ 2023 ఆగస్టు 11కి ముందే నియామకం పొందినవాళ్లను కాపాడింది, అదీ కోర్టు కేసుకు లోబడి అనే షరతు లేకుండా చేరినవాళ్లనే. టెట్ మార్కులు మాత్రమే చేతిలో ఉన్న మనకు అందులో ఒరిగిందేమీ లేదు.

ఇక చదువు సంగతి. పేపర్-1కి చదివిందంతా వృథా అని నోట్సులు మూలన పడేయకండి. రెండు పేపర్లలోనూ సైకాలజీ 30, తెలుగు 30, ఇంగ్లిష్ 30, అంటే 150లో 90 మార్కులకు విభాగాలు అవే. సైకాలజీలో వచ్చే పియాజే, వైగోట్‌స్కీ, కోల్‌బర్గ్ సిద్ధాంతాలు ఎక్కడికీ పోవు. మారేది మిగతా 60. నేను పేపర్-1లోని ఈవీఎస్ (పరిసరాల విజ్ఞానం) ఆపేసి ఆ గంటలు ఆరు నుంచి పదో తరగతి దాకా సైన్స్ పుస్తకాలకు ఇచ్చాను. మ్యాథ్స్ వాళ్లకు బయాలజీ బిట్లే ప్రాణం తీస్తాయి, రోజూ కొంచెం కొంచెంగా చదవడం తప్ప వేరే ఉపాయం నాకైతే దొరకలేదు. 90 దాటి క్వాలిఫై అయ్యాం కదా అని ఆగినా నష్టమే, డీఎస్సీలో టెట్‌కి 20 శాతం వెయిటేజీ ఉంది.

డిగ్రీలో శాతం తక్కువైన సీనియర్లకు ఒక మాట. 2011 జూలై 29కి ముందే బీఎడ్‌లో అడ్మిషన్ తీసుకున్నవాళ్లకు డిగ్రీ కనీస మార్కుల నిబంధన వర్తించదని ఎన్‌సీటీఈ 2019 నవంబర్ 13న సవరణ ఇచ్చింది. బీఎడ్ ఎప్పుడు పూర్తయిందన్నది కాదు, ఎప్పుడు చేరారన్నదే ఇక్కడ చూస్తారు. చేరిన తేదీ ఉన్న కాగితం కాలేజీ నుంచి ఇప్పుడే తీసి పెట్టుకోండి, వెరిఫికేషన్ రోజున పరుగులు పెట్టినా దొరక్కపోవచ్చు.