ఎడమ కిటికీ పక్క సీటు: ఎడిన్‌బరా నుంచి హైలాండ్స్‌కి ఒక్కరోజు యాత్ర

స్కాట్లండ్ రాజధాని ఎడిన్‌బరాలో ఏ టూరు బోర్డు చూసినా లోఖ్ నెస్ సరస్సు పేరే పెద్దక్షరాల్లో ఉంటుంది. టికెట్లు అమ్ముడుపోయేది ఆ పేరుతోనే. తీరా రోజంతా తిరిగొచ్చాక కళ్లముందు నిలిచేది మాత్రం గ్లెన్‌కో లోయ. ఇది ముందే తెలిస్తే ఏ సీట్లో కూర్చోవాలో, ఎక్కడ ఎంతసేపు గడపాలో, దేన్ని వదులుకోవచ్చో తేల్చుకోవడం తేలిక.

మేం వెళ్లింది సెప్టెంబరు మొదటివారంలో, 16 సీట్ల మినీబస్సులో. ఆ పదహారుకి ఒక లెక్కుంది. బ్రిటన్‌లో మినీబస్సు లైసెన్సు మీద పదహారుమంది ప్రయాణికుల్ని మించి ఎక్కించుకోకూడదు. అందుకే చిన్న గుంపు టూర్లన్నీ ఆ సంఖ్య దగ్గరే ఆగుతాయి. డ్రైవరే గైడ్. చెవి పక్కన చిన్న మైకు పెట్టుకుని, బండి నడుపుతూనే కథలు చెప్తాడు. యాభైమంది కూర్చునే పెద్ద కోచ్‌తో పోలిస్తే రెండు లాభాలు. రోడ్డు పక్కన నాలుగైదు కార్లు పట్టే చిన్న జాగాలో కూడా బండి ఆగుతుంది. ఆగిన చోట అందరూ దిగి ఎక్కడానికి పావుగంట వృథా కాదు. నష్టం ఒక్కటే, బండిలో టాయిలెట్ ఉండదు. ఆగినప్పుడల్లా వెళ్లిరావడమే, అవసరం లేదనిపించినా సరే.

పొద్దున ఎనిమిదికి బయల్దేరి రాత్రి ఎనిమిదికి తిరిగి రావడం. దూరం 500 కిలోమీటర్లు దాటుతుంది. మామూలు రెండు వరసల రోడ్డు మీద కార్లకి గంటకి 60 మైళ్లు అనుమతి ఉన్నా, మినీబస్సుకి 50 మైళ్లే, అంటే 80 కిలోమీటర్లు. ఆలస్యమైతే వేగం పెంచి సర్దుకునే వీల్లేదు. పైగా డ్రైవరు వరసగా నాలుగున్నర గంటలకి మించి నడపకూడదు, ఆలోగా 45 నిమిషాల విరామం తీసుకోవాలి. రోజు మొత్తం మీద మామూలుగా 9 గంటలే. బండిలోని టాకోగ్రాఫ్ ఇదంతా రాసిపెడుతుంది. మా బండి నడిచిన సమయం కూడితే 8 గంటల 10 నిమిషాలు వచ్చింది. అంటే మిగులు గంటలోపే. ఎవరో ఒకరు కాఫీ కోసం పది నిమిషాలు ఆలస్యంగా వస్తే గైడు మొహం ఎందుకు మాడుతుందో ఈ లెక్క చూస్తే తెలుస్తుంది. ఆ పది నిమిషాలు ఆయన జేబులోంచి పోవు, తర్వాత ఆగే చోట మన వాటాలోంచే కోసుకుంటారు.

ఇక సీటు సంగతి. వెళ్లేటప్పుడు ఎడమవైపు కిటికీ పట్టుకోండి, మిగతావన్నీ దాని తర్వాతే. కాలెండర్ అనే ఊరు దాటాక లోఖ్ లుబ్నిగ్ ఎడమ పక్కనే సాగుతుంది (లోఖ్ అంటే సరస్సు, చివర్లో గొంతు కాస్త గీరినట్టు పలకాలి). రానోక్ మూర్‌లో బ్లాక్ మౌంట్ కొండలు ఎడమ. గ్లెన్‌కోలో త్రీ సిస్టర్స్ ఎడమ. ఫోర్ట్ విలియమ్‌కి వెళ్లే దారిలో లోఖ్ లినీ కూడా ఎడమే. బెన్ నెవిస్ ఒక్కటే కుడివైపు, దాని శిఖరం ఎక్కువ రోజులు మబ్బులోనే ఉంటుంది కాబట్టి పోయిందేమీ లేదు. మంచి గైడైతే మధ్యాహ్నం నుంచి సీట్లు మార్పిస్తాడు. మార్పించకపోతే అడగండి, ఎవరూ తప్పుపట్టరు. కిటికీలోంచి ఫొటో తీయాలంటే లెన్సుని అద్దానికి ఆనించి తీయాలి, లేదంటే మన చొక్కా రంగే కొండమీద పడుతుంది.

మొదటి మజిలీ కాలెండర్ అవతల, జూలు కళ్లమీద పడే హైలాండ్ ఆవుల దగ్గర. అరగంట. వాటి ఒంటిమీద రెండు పొరల జుట్టు ఉంటుంది. పైపొర పొడుగ్గా, జిడ్డుగా ఉండి వాన నీటిని జార్చేస్తుంది, లోపలిది మెత్తగా ఉండి వెచ్చదనాన్ని పట్టి ఉంచుతుంది. మేత పెట్టొద్దని రాసి ఉన్నా పెట్టేవాళ్లు పెడుతూనే ఉంటారు. ఆవులకంటే ఇక్కడ చూడాల్సింది నేల. పల్లపు లోలాండ్స్‌నీ కొండల హైలాండ్స్‌నీ విడదీసే భూమి చీలిక, హైలాండ్ బౌండరీ ఫాల్ట్, కాలెండర్ పక్కనుంచే వెళ్తుంది. అప్పటిదాకా పొలాలు, చదును నేల. ఊరు దాటిన పది నిమిషాల్లో రోడ్డు వాగు పక్కన ఇరుకు సందులోకి దూరి, రెండు వైపులా కొండలు లేస్తాయి. లోలాండ్స్ ఎక్కడ ఆగాయో గైడు చెప్పకపోయినా తెలిసిపోతుంది.

కడుపులో తిప్పేది కూడా ఇక్కడినుంచే. లోఖ్ లుబ్నిగ్ ఒడ్డున మలుపులు వరసగా వస్తాయి. ప్రయాణం పడనివాళ్లు మాత్ర వేసుకునేది వికారం మొదలయ్యాక కాదు, అప్పటికి దానివల్ల పెద్దగా ఉపయోగం ఉండదు. సినారిజిన్ లాంటివైతే ప్రయాణానికి రెండు గంటల ముందే వేసుకోవాలి, కాస్త మత్తు కూడా ఉంటుంది. వెనక చక్రాల మీది సీటు వదిలేసి ముందు వరసలో కూర్చోవడం, ఫోను తల వంచి చూడకపోవడం, ఈ రెండూ సగం పని చేస్తాయి. రానోక్ మూర్ మీద ఎలాగూ సిగ్నల్ ఉండదు.

రానోక్ మూర్‌ని చాలామంది నిద్రలో దాటేస్తారు. సుమారు 130 చదరపు కిలోమీటర్ల తడి బీడు. కుళ్లిన నాచు పొరలు పొరలుగా పేరుకుని అయిన పీట్ నేల, మధ్యమధ్య చిన్నచిన్న నీటి మడుగులు, గ్రానైట్ గుండ్లు. మంచుయుగం చివర్లో ఇక్కడ పేరుకున్న మంచు నాలుగు దిక్కులకీ జారి చుట్టుపక్కల లోయల్ని తొలిచింది. 1894లో దీని మీదుగా రైలు మార్గం వేసినప్పుడు ఎంత మట్టి పోసినా నేల మింగేసేదట. చివరికి చెట్ల వేళ్లు, కంపలు పరిచి, దానిమీద మట్టి, బూడిద పోసి, పట్టాల్ని తేలేలా నిలిపారు. రైలు ఇప్పటికీ దానిమీదే నడుస్తోంది. రోడ్డు నుంచి ఆ పట్టాలు కనపడవు. కానీ లోఖ్ బా దగ్గర దిగిన పది నిమిషాల్లో గడ్డిమీద కాలు వేసి చూస్తే సంగతి అర్థమవుతుంది. కాలికింద నేల పరుపులా లోపలికి పోయి, కాలు తీయగానే నల్లటి నీరు ఆ గుంటలోకి ఊరుతుంది. తెల్ల బూట్లతో చేయకండి.

గాలి లేకపోతే ఇక్కడే మిడ్జ్‌లు ముసురుతాయి. నుసుము అంత పురుగు, మే నుంచి సెప్టెంబరు దాకా దాని రాజ్యం. కుట్టేది ఆడవే. తేమ, మబ్బు, కదలని గాలి వాటికి ఇష్టం, గాలి గంటకి 11 కిలోమీటర్లు దాటితే ఎగరలేవు. కాబట్టి ఎండ కాసే రోజు, గాలి వీచే రోజు భయం లేదు. తెరిపి లేని మబ్బు రోజున మాత్రం చేతులు, మెడ కప్పుకోండి, పురుగుల్ని దూరంగా ఉంచే పికారిడిన్ ఉన్న పూత రాసుకోండి. అందరూ చేసే తప్పు ఇంకోటుంది. ఫొటోలు తీసుకునేంతసేపూ బండి తలుపు తీసే ఉంచుతారు. మిడ్జ్‌లూ మనతోపాటు ఎక్కుతాయి.

మూర్ అంచున బూకల్ ఎటీవ్ మోర్ అనే కొండ నిలబడి ఉంటుంది. 1,021 మీటర్లు. ఇక్కడి పాత భాష గేలిక్‌లో ఎటీవ్ లోయ పెద్ద కాపరి అని అర్థం. లోయ గుమ్మంలో నిజంగా కాపరి లాగే ఉంటుంది. అది దాటితే గ్లెన్‌కో.

సుమారు 42 కోట్ల ఏళ్ల కిందట ఇక్కడ ఒక అగ్నిపర్వతం పేలి, దాని పైకప్పు గుండ్రంగా తెగి లోపలికి కూలింది. అలా కూలిన చోటుని కాల్డెరా అంటారు. తర్వాత హిమానీనదం వచ్చి ఆ గట్టి లావా రాతిని యూ ఆకారంలో చెక్కింది. త్రీ సిస్టర్స్ అనేవి వేర్వేరు కొండలు కావు, 1,150 మీటర్ల బిడియన్ నామ్ బియన్ కొండ ముందుకి చాచిన మూడు కొమ్ములు. బియన్ ఫాద, గ్యార్ ఓనాఖ్, ఓనాఖ్ దూ. మేం దిగేసరికి వాన అప్పుడే వెలిసింది. నల్లటి రాతిమీద పొద్దున లేని వాగులు సున్నం గీతల్లా దిగుతున్నాయి. మొదటి ఐదు నిమిషాల్లో నేను పదకొండు లెక్కపెట్టాను, మేం బయల్దేరేసరికి వాటిలో రెండు మూడు సన్నబడి కనపడకుండా పోయాయి. అందుకే అంటున్నాను, గ్లెన్‌కోలో వాన పడితే బాధపడకండి. బాధపడాల్సింది మబ్బు రోడ్డుదాకా దిగినప్పుడు.

మాకు ఇక్కడ 25 నిమిషాలు ఇచ్చారు. చాలదు. ఆ టైములో లోయలోకి దిగే కాలిబాట పట్టుకుంటే తిరిగి రాలేరు, రాళ్లు తడిసి జారుతుంటాయి. కారు పార్కు దగ్గరి గుట్టెక్కి చూడటమే మేలు. మధ్యాహ్నానికి ఆ పార్కు నిండిపోయి బళ్లు ఆపకుండానే వెళ్లిపోవాల్సి వస్తుంది, కాబట్టి 11 గంటల లోపు చేరే టూరు ఎంచుకోండి.

1692 ఫిబ్రవరి 13న ఇక్కడ జరిగిన మారణకాండ గైడులందరూ చెప్తారు, ఒక్కొక్కరూ ఒక్కోలా. సంగతి ఇదీ: విలియమ్ రాజుకి విధేయత ప్రమాణం చేయడానికి గడువు 1692 జనవరి 1. గ్లెన్‌కో మెక్‌డొనాల్డు వంశం పెద్ద ఆఖరిరోజున ఫోర్ట్ విలియమ్ వెళ్లాడు, అక్కడున్న అధికారికి ప్రమాణం తీసుకునే హక్కు లేదు. మంచులో ఇన్వరేరీ దాకా వెళ్లి ఆరో తారీఖున ప్రమాణం చేశాడు. ఆ ఆలస్యాన్ని సాకుగా తీసుకున్నారు. రాబర్ట్ క్యాంప్‌బెల్ నాయకత్వంలో వచ్చిన సైనికులు దాదాపు రెండు వారాలు వాళ్ల ఇళ్లలోనే తిని, పడుకుని, ఒక తెల్లవారుజామున ఆతిథ్యమిచ్చిన వాళ్లనే చంపారు. చనిపోయింది 38 మంది అంటారు, మంచులోకి పారిపోయి పోయినవాళ్లు వేరే. దీన్ని క్యాంప్‌బెల్, మెక్‌డొనాల్డు వంశాల పగగా చెప్పి ముగించేస్తుంటారు, కానీ ఉత్తర్వు మీద రాజు సంతకం ఉంది.

ఫోర్ట్ విలియమ్ నుంచి ఈశాన్యంగా దారి గ్రేట్ గ్లెన్ ఫాల్ట్ అనే ఇంకో భూమి చీలిక వెంటే పోతుంది. మ్యాప్ తెరిచి చూడండి, సరస్సులన్నీ గీత గీసినట్టు ఒకే వరసలో ఉంటాయి. ఆ వరసలోనే ఫోర్ట్ అగస్టస్ ఊరు, లోఖ్ నెస్ దక్షిణపు కొస. మేం 1:15కి చేరాం. అప్పటికి బండి నడిచింది 4 గంటల 10 నిమిషాలు. డ్రైవరుకి ఇక్కడ విరామం తప్పనిసరి కాబట్టి ఇక్కడే ఎక్కువసేపు, గంటా ముప్పావు.

లోఖ్ నెస్ పొడవు 37 కిలోమీటర్లు, లోతు 230 మీటర్లు. ఇంగ్లండు, వేల్స్ సరస్సులన్నీ కలిపినా ఇంత నీరు లేదు. పీట్ కలిసి నీళ్లు టీ డికాక్షన్ రంగులో ఉంటాయి, కొద్ది మీటర్ల కింద చీకటే. ఈ సరస్సులో ఒక రాక్షసి ఉందన్న నమ్మకానికి సగం బలం ఆ రంగే. ఆ రాక్షసిదంటూ వచ్చిన 1934 నాటి ప్రసిద్ధ ఫొటో బొమ్మ జలాంతర్గామికి తల తగిలించి తీసిన మోసమని 1994లో బయటపడింది. గంట పడవ ప్రయాణానికి టికెట్ వేరే. ఇక్కడే చాలామంది మోసపోయామనుకుంటారు: పోస్టర్ల మీద కనిపించే అర్కార్ట్ కోట ఫోర్ట్ అగస్టస్ నుంచి పాతిక కిలోమీటర్లకి పైగా దూరం, గంట పడవ అక్కడిదాకా పోదు. కోట చూడాలనుంటే డ్రమ్నడ్రోఖిట్ వెళ్లే టూరు కొనాలి.

నేనైతే పడవ వదిలి లాకుల దగ్గర కూర్చోమంటాను. కెలడోనియన్ కాలువ మొత్తం 97 కిలోమీటర్లు, 29 లాకులు. థామస్ టెల్ఫర్డ్ పర్యవేక్షణలో కట్టిన దీన్ని 1822లో తెరిచారు. అందులో ఐదు లాకులు ఈ ఊరి నడిబొడ్డున మెట్లలా ఉన్నాయి. ఒక పడవ ఐదూ దాటడానికి గంట పడుతుంది, అంటే మనకున్న టైములో పూర్తిగా చూడొచ్చు. తలుపు మూసుకున్నాక కింది గదిలోకి నీరు పొంగుతుంది. పడవ ఒక పక్కకి కొట్టుకుపోకుండా ఒడ్డు మీద ఇద్దరు తాళ్లు పట్టుకుని నిలబడతారు. నీరు పెరిగేకొద్దీ తాడు వదులవుతుంది, ఆ వదులుని వెంటవెంటనే లాక్కుంటూ ఉండాలి. రెండు వైపులా మట్టం సమానమయ్యాక తలుపు తెరుచుకుంటుంది. అప్పుడు ఇంజను మీద కాదు, ఆ తాళ్లతోనే పడవని పక్క గదిలోకి నడిపించుకుపోతారు, ఆవుని తోలుకెళ్లినట్టు. భోజనానికి ఒంటిగంటకి అన్ని చోట్లా క్యూలే, రెండు దాటాక ఖాళీ అవుతాయి. ముందు లాకులు చూసి తర్వాత తినండి.

తిరుగుదారిలో స్పీన్ బ్రిడ్జ్ పైన కమాండో స్మారకం దగ్గర పావుగంట ఆగాం. 1952లో ఆవిష్కరించిన ముగ్గురు కంచు సైనికులు, ఎదురుగా బెన్ నెవిస్. 1,345 మీటర్ల కొండకి ఆ రోజు 800 మీటర్లే కనిపించింది.

అక్కడినుంచి లోఖ్ లాగన్ కుడివైపు, కాబట్టి పొద్దున కుడి పక్క కూర్చున్నవాళ్లకి న్యాయం జరుగుతుంది. డ్రమోక్టర్ కనుమ 460 మీటర్ల ఎత్తు. సెప్టెంబరులో కొండలనిండా చివరి హెదర్ పూలు, ఊదారంగు వెలిసి గోధుమరంగులోకి తిరుగుతూ. డిసెంబరులో వెళ్తే ఇదంతా చీకట్లో దాటతారు, సూర్యుడు సాయంత్రం మూడూ నలభైకే దిగిపోతాడు. మంచు పడితే ఈ రోడ్డుకి గేట్లు వేసేస్తారు. చలికాలం టికెట్ చౌకగా దొరికేది ఊరికే కాదు. పిట్లోఖ్రీలో అరగంట, ఐదు దాటితే దుకాణాలు మూసేస్తారు. ఆనకట్ట పక్కన సాల్మన్ చేపలు ఎక్కడానికి కట్టిన 34 గదుల నిచ్చెన ఉంది, నడిచి వెళ్లి రావడానికే ఆ టైము సరిపోతుంది.

పెర్త్ దాటాక బండిలో అందరూ నిద్రపోయారు, గైడు మైకు తీసేశాడు. 7:30 ప్రాంతంలో క్వీన్స్‌ఫెర్రీ క్రాసింగ్ ఎక్కాం. అది 2017లో తెరిచిన వంతెన. దాని పక్కనే 1964 నాటి రోడ్డు వంతెన, ఆ వెనక 1890లో కట్టిన ఎర్రటి రైలు వంతెన. గాలికి అడ్డం పెట్టిన పలకల సందుల్లోంచి రెండూ కలిసి ఒక్క నిమిషం కనిపిస్తాయి. అది కూడా ఎడమ కిటికీలోంచే.