స్పానిష్ భూతకాలం: ఇప్పటికి ఎక్కడిదాకా వచ్చానంటే

నేను నేర్చుకునేది మెక్సికో స్పానిష్. స్పెయిన్‌లో చనువున్న పదిమందితో మాట్లాడేటప్పుడు వాడే 'వొసోత్రోస్' అక్కడ వాడరు కాబట్టి ఆ వరస మొత్తం వదిలేశాను, క్రియకి ఐదు రూపాలే మిగిలాయి. పొద్దున తిన్నదానికి కూడా అక్కడ మామూలుగా 'కొమీ' (తిన్నాను) అనేస్తారు, స్పెయిన్‌లోలా 'ఎ కొమీదొ' అనక్కర్లేదు.

ముందు ప్రెటెరిట్, అంటే జరిగి అయిపోయిన పనికి వాడే భూతకాలం. అందులో రెగ్యులర్ క్రియలు తొందరగానే వచ్చేశాయి. మనకి వచ్చాను, వచ్చావు అని క్రియ చివరే మనిషిని చెప్పేసే అలవాటు ఉంది కదా, అందుకని 'యొ' (నేను) లేకుండా మాట్లాడటం కష్టమే అనిపించలేదు. టెన్షన్ అంతా ఒత్తి పలకడం దగ్గరే. 'అబ్లో'లో మొదట ఒత్తితే నేను మాట్లాడతాను, చివర ఒత్తితే అతను మాట్లాడాడు! కాబట్టి ఫోన్‌లో రికార్డ్ చేసుకుని వింటున్నా.

ఇర్రెగ్యులర్ వాటిని అక్షరక్రమంలో బట్టీ పట్టడం దండగ. తూబె (నాకు ఉండింది), పూదె (చేయగలిగాను), ఈసె (చేశాను), దీహె (చెప్పాను) లాంటివన్నీ ఒక గుంపు: మొదలు మారుతుంది, చివర్లు అన్నిటికీ ఒకటే, 'నేను', 'అతను' రూపాల్లో ఒత్తు చివరికి పోదు. 'దీహె' రకానికి మాత్రం వాళ్ళు అన్నప్పుడు 'ఇయెరోన్' బదులు 'ఎరోన్' వస్తుంది, దిహెరోన్.

ఇక ఇంపర్‌ఫెక్ట్, అంటే అప్పట్లో జరుగుతూ ఉన్నదానికో, అలవాటుగా చేసినదానికో వాడే భూతకాలం. దాని రూపాలు చాలా తేలిక. దారి తప్పేవి మూడే: సేర్ (అయి ఉండటం), ఈర్ (వెళ్ళడం), బేర్ (చూడటం). ఎప్పుడు వాడాలన్నదే తలనొప్పి. చాలామంది 'తినేదాన్ని' అంటే ఇంపర్‌ఫెక్ట్, 'తిన్నాను' అంటే ప్రెటెరిట్ అని చెప్పి ఊరుకుంటారు, అది సగమే. 'నేను వెళ్ళేసరికి వాన పడుతోంది' అన్నామనుకోండి, తెలుగులో అక్కడ 'పడేది' రాదు, స్పానిష్‌లో మాత్రం ఇంపర్‌ఫెక్టే: క్వాందొ యెగే, యొబీయ. అందుకే ఆంకీ అనే యాప్‌లో నేను బట్టీకి చేసుకునే కార్డుల్లో ముందువైపు పూర్తి తెలుగు వాక్యమే పెడుతున్నా, ఒంటి క్రియ పెడితే ఏది వాడాలో తేలదు. ఒక్కచోట మాత్రం మనదే పైచేయి. 'సబీయ', 'సూపె' తేడా ఇంగ్లీషు మీదుగా నేర్చుకుంటే చాలా వివరణ కావాలి, మనకేమో 'అప్పటికే తెలుసు', 'నిన్న తెలిసింది' అంటే అయిపోయింది.

ఇంకా కుదరనివి దొర్మీర్ (నిద్రపోవడం), పెదీర్ (అడగడం). దుర్మియో, పిదియో అని అతను, వాళ్ళు రూపాల్లో మాత్రమే అచ్చు మారుతుంది, వేగంగా మాట్లాడేటప్పుడు అది నోటికి రావట్లేదు. వచ్చే వారమంతా ఈ రకం క్రియలతోనే కార్డులు.